చేను రంగు మార్చే మాయగాలికి డావించీ రిసాల్వ్ ఏమాత్రం పనికొస్తుంది?

గుట్ట అవతల ఒక గాలి లేస్తుంది. అది తాకిన చోటల్లా వరిమడి గులాబీకి తిరుగుతుంది, ఎర్ర చెల్క నీలమవుతుంది, మధ్యలో నిలబడ్డ మనిషి మాత్రం మామూలుగానే ఉంటాడు. ఇలాంటి సీను రాసుకున్న షార్ట్ ఫిల్మ్ టీముకు వీఎఫ్ఎక్స్ కంపెనీ దాకా వెళ్లే స్తోమత ఉండదు. చేతిలో ఉండేది ఒక ఫోను, లేదంటే ఒక మోస్తరు కెమెరా, ఒక ల్యాప్‌టాప్. ఆ సరంజామాతో, వీడియో ఎడిట్ చేసి రంగులు దిద్దే డావించీ రిసాల్వ్ సాఫ్ట్‌వేర్ ఉచిత వెర్షన్ ఈ పనిని ఎక్కడిదాకా లాక్కొస్తుందో చూద్దాం. అసలు సంగతి ముందే చెప్పేస్తే, సాఫ్ట్‌వేర్‌కు లోటు లేదు. నల్గొండ, పాలమూరు వైపు తీసేవాళ్లకు తలనొప్పి తెచ్చేది ఫుటేజీ, దానికన్నా ఎక్కువగా మన ఎర్రమట్టి.

రిసాల్వ్ ఆస్ట్రేలియాకు చెందిన బ్లాక్‌మ్యాజిక్ డిజైన్ వాళ్లది. 2009లో వాళ్లు డావించీ సిస్టమ్స్‌ను కొనే దాకా ఇది పెద్ద ల్యాబుల్లోనే కనిపించే సరుకు. ఇప్పుడు ఉచిత వెర్షన్‌లోనే 3840×2160 సైజులో, సెకనుకు 60 ఫ్రేముల వరకు వీడియో బయటికి తీయొచ్చు. గడువు లేదు, మామూలు పనికి వాటర్‌మార్క్ పడదు. డబ్బు పెట్టి కొనే స్టూడియో వెర్షన్ 295 డాలర్లు, అంటే సుమారు పాతిక వేల రూపాయలు, పన్ను అదనం. నెలనెలా కట్టేది కాదు, ఒక్కసారి కొంటే అయిపోతుంది. ఒక లైసెన్సు కీని రెండు కంప్యూటర్లలో వాడుకోవచ్చు. ఉచితంలో తాళం వేసి ఉంచినవాటిలో మన సీనుకు తగిలేవి నాలుగే: నాయిస్ రిడక్షన్ (బొమ్మలోని గరుకు తీసేది), మ్యాజిక్ మాస్క్ (మనిషిని దానంతటదే వేరుచేసేది), డెప్త్ మ్యాప్ (దూరాన్ని బట్టి బొమ్మను విడదీసేది), ఫిల్మ్ గ్రెయిన్ (ఫిల్ము గరుకును అద్దేది). వీటిని వేసి చూడొచ్చు గానీ, వేసిన వెంటనే ఫ్రేము మీద ముద్ర పడుతుంది.

ఇక ఎర్రమట్టి గొడవ. రంగులు దిద్దే కలర్ పేజీలో, ఫ్రేములోని రంగులను గుండ్రటి పటం మీద చూపే వెక్టర్‌స్కోప్ తెరిచి, స్కిన్ టోన్ ఇండికేటర్ ఆన్ చేస్తే ఎరుపుకు పసుపుకు మధ్యలో ఒక గీత కనిపిస్తుంది. మనిషి చర్మం ఏ ఛాయదైనా దాదాపు ఆ గీత మీదే పడుతుంది. దేవరకొండ దారిలోనో, అచ్చంపేట వైపో దున్నిన చెల్క ఒకటి ఫ్రేములో పెట్టి చూడండి. ఇనుము తుప్పుతో ఎర్రబడ్డ ఆ మట్టి కూడా ఆ గీత పక్కనే కూర్చుంటుంది. గూన పెంకుల కప్పు, ఇటుక బట్టీ, మట్టి గోడ, అన్నీ అక్కడే. అంటే రంగును బట్టి భాగాన్ని ఎంచే క్వాలిఫయర్‌తో మట్టిని ఎంచుకుంటే మొహాలూ చేతులూ దాంతో పాటే వచ్చేస్తాయి. యూట్యూబ్ ట్యుటోరియల్స్‌లో కనిపించే పచ్చిక బయళ్ల మీద ఈ చిక్కు రాదు, కాబట్టి వాటిలో ఎవరూ దీని గురించి చెప్పరు.

తప్పించుకునే దారులు రెండు. ఎండలో పొడి చెల్క సాచురేషన్ (రంగు గాఢత) చాలాసార్లు చర్మం కంటే ఎక్కువగా ఉంటుంది, కాబట్టి క్వాలిఫయర్‌లో హ్యూ (అసలు వర్ణం) కంటే ముందు సాచురేషన్ కింది అంచును పైకి జరిపి చూడాలి. సగం పని అక్కడ తేలుతుంది. మిగతా సగానికి మనిషి చుట్టూ పవర్ విండో (మార్పు ఎక్కడ పడాలో చెప్పే ఆకారం) గీసి, అది మనిషి వెంట కదిలేలా ట్రాక్ చేసి, ఆ భాగాన్ని వెనక్కి తెచ్చుకోవాలి. స్టూడియో వెర్షన్ ఉంటే మ్యాజిక్ మాస్క్‌తో మనిషి మీద ఒక గీత గీస్తే చాలు. ఉచితంలో అదే పనికి ఒక్కో షాటుకు అరపూట పడుతుంది. అందుకే కథ రాసేటప్పుడే తేల్చుకోవాల్సిన ముక్క ఒకటుంది: మీ మాయ దేన్ని మారుస్తుంది, పచ్చదనాన్నా, మట్టినా?

పచ్చదనమైతే పని సులువు. చర్మానికి, ఆకుకు మధ్య హ్యూలో బోలెడంత దూరం ఉంది. ఒక రంగును ఇంకో రంగుకు తిప్పే హ్యూ వర్సెస్ హ్యూ కర్వ్ తెరిచి, వ్యూయర్‌లో వరి ఆకు మీద క్లిక్ చేస్తే కర్వ్ మీద మూడు చుక్కలు పడతాయి. మధ్య చుక్కను లాగితే రంగు తిరుగుతుంది, పక్క చుక్కలు ఎంత వెడల్పు మారాలో నిర్ణయిస్తాయి. తరచూ జరిగే పొరపాటేమిటంటే, కర్వ్ కింద ఉండే రెడీమేడ్ ఆకుపచ్చ బటన్ నొక్కి లాగేయడం. లేత వరి పచ్చగా కనిపిస్తుంది గానీ, దాని హ్యూ పసుపుకు ఆకుపచ్చకు నడుమ ఉంటుంది. ఆ బటన్‌తో చేస్తే వేపచెట్టు తిరిగిపోయి, మడి సగం పసుపుగా మిగిలిపోతుంది. ఆకు మీదే క్లిక్ చేసి, పసుపు వైపు చుక్కను ఇంకొంచెం జరపాలి. మరీ జరిపితే ఎండిన గడ్డి, ఆ వెంటనే చర్మం వచ్చి తగులుతాయి. యాసంగి వరి ఫిబ్రవరిలో నిండుగా ఉన్నప్పుడు ఈ పద్ధతికి సాటి లేదు. ఏప్రిల్‌లో గొలుసు పండాక అదే మడి మీద ఇది పనిచేయదు, అప్పటికి వరి పూర్తిగా పసుపు వైపు వెళ్లిపోతుంది.

ఆకులు గులాబీకి తిరగడం పూర్తిగా కల్పన అనుకోనక్కర్లేదు. కొడాక్ ఏరోక్రోమ్ అనే ఇన్‌ఫ్రారెడ్ ఫిల్ము ఒకప్పుడు ఉండేది. ఆకులు కంటికి కనపడని ఇన్‌ఫ్రారెడ్ వెలుగును బాగా వెనక్కి కొడతాయి, ఆ ఫిల్ము దాన్ని ఎరుపుగా, ఎరుపును ఆకుపచ్చగా, ఆకుపచ్చను నీలంగా నమోదు చేసేది. ఆ పద్ధతిలో ఎండిన చెట్టు ఎర్రబడదు, బతికున్నదే ఎర్రబడుతుంది. మన మాయకు ఇది మంచి నియమం. మోడు మామూలుగా ఉండి, పక్కన చింతచెట్టు మాత్రమే మండితే చూసేవాడు అడక్కుండానే నమ్ముతాడు.

మాకు ఎక్కువ నచ్చింది మాత్రం ఇంకో దారి, బొమ్మలోని ఎరుపు, ఆకుపచ్చ, నీలం పాళ్లను (ఛానళ్లను) కలిపే ఆర్‌జీబీ మిక్సర్. అందులో ఎరుపు, నీలం ఛానళ్లను తారుమారు చేసే బటన్ ఒకటి ఉంది. నొక్కితే ఫ్రేములోని ప్రతి ఎరుపూ నీలమవుతుంది, ప్రతి నీలమూ ఎరుపవుతుంది. చెల్క నీలి రంగు పోసుకుంటుంది. ఫాల్గుణంలో పూసిన మోదుగు ముదురు నీలమవుతుంది, తంగేడు పూలు ఆకాశపు రంగుకు తిరుగుతాయి, గడపకు రాసిన పసుపూ అంతే. వర్షాకాలపు నీలాకాశం నారింజ ఛాయకు వస్తుంది. ఎరుపు, ఆకుపచ్చ, నీలం మూడూ సమానంగా ఉన్నవి మాత్రం అసలు మారవు. కాబట్టి గొర్రెలకాపరి తెల్ల ధోతి తెల్లగానే ఉంటుంది, నల్ల గొర్రె నల్లగానే ఉంటుంది, రాతిగుట్ట దాదాపు ఎప్పటిలాగే ఉంటుంది. ఏది మారాలో ఏది మారకూడదో ఎవరూ చేత్తో గీయలేదు, అయినా మాయకు ఒక పద్ధతి ఉన్నట్టు కనిపిస్తుంది. క్వాలిఫయర్‌తో గంటలు కూర్చున్నా ఈ నిబ్బరం రాదు, ఎందుకంటే ఇందులో అంచులే ఉండవు.

దీని చిక్కులు దీనికీ ఉన్నాయి. వీడియోలో వెలుతురు లెక్కకు ఎరుపు వాటా 21 శాతం, ఆకుపచ్చ 72, నీలం 7. ఎర్రమట్టి విలువలు 170, 90, 60 అనుకుంటే దాని వెలుతురు 105 దగ్గర వస్తుంది. తారుమారు చేసి 60, 90, 170 చేస్తే అది 89కి పడిపోతుంది. అందుకే నీలమైన చేను మబ్బు పట్టినట్టు ఉంటుంది. అదే నోడ్‌లో (రిసాల్వ్‌లో ఒక్కో మార్పును ఉంచే డబ్బా) గామా, అంటే మధ్యస్థ వెలుతురు, కొద్దిగా ఎత్తాలి, లేదంటే మిక్సర్‌లోనే వెలుతురును నిలిపి ఉంచే ప్రిజర్వ్ లూమినెన్స్ టిక్ పెట్టి ఏది బాగుందో చూసుకోవాలి. రెండోది నాయిస్. ఫోను వీడియోలో అన్నిటికంటే మురికిగా ఉండేది నీలం ఛానలే. మామూలుగా దాని వాటా 7 శాతమే కాబట్టి కంటికి ఆనదు. ఎరుపు స్థానంలోకి వచ్చాక ఆ గరుకు మూడింతలు కనిపిస్తుంది, ముఖ్యంగా నీడల్లో. నాయిస్ రిడక్షన్ ఉచితంలో లేదు. కాబట్టి మందు షూటింగ్ దగ్గరే వేయాలి: ఐఎస్ఓ (వెలుతురుకు కెమెరా స్పందన) తక్కువ, నీడ తక్కువ, 4కెలో తీసి 1080లో ఇవ్వడం.

4కె మాట ఎందుకంటే, ఫోన్లు, చిన్న కెమెరాలు రాసే 4:2:0 ఫైల్లో రంగు సమాచారం అడ్డంగా సగం, నిలువుగా సగమే ఉంటుంది. 3840×2160 ఫ్రేములో రంగు నిజానికి 1920×1080 మాత్రమే. దాన్ని 1080 టైమ్‌లైన్‌లోకి దించితే ప్రతి పిక్సెల్‌కూ దాని సొంత రంగు దక్కుతుంది. 1080లోనే తీస్తే తాటాకు అంచుల్లో మెట్లు మెట్లుగా పాత రంగు వేలాడుతుంది. ఇంకోటి, 8 బిట్ ఫైల్లో ఒక్కో ఛానలుకు 256 మెట్లు, 10 బిట్‌లో 1024. ఆకాశం రంగు మార్చే ఆలోచన ఉంటే 10 బిట్ లేకుండా మొదలుపెట్టవద్దు, చారలు పడతాయి. ఎండాకాలపు ఆకాశమైతే అదీ వద్దు, అది ఎలాగూ తెల్లగా పాలిపోయి ఉంటుంది, మార్చడానికి అందులో రంగే ఉండదు.

నోడ్ల వరుస ఇలా పెట్టుకుంటే తర్వాత తడబాటు ఉండదు. లాగ్‌లో (తర్వాత దిద్దుకోవడానికి పాలిపోయినట్టు తీసే పద్ధతి) తీసినట్టయితే మొదటి నోడ్‌లో దాన్ని మామూలు రంగుల్లోకి తెచ్చే కలర్ స్పేస్ ట్రాన్స్‌ఫార్మ్, రెండోది బ్యాలెన్స్, ఎక్స్‌పోజర్. ఇక్కడివరకు మామూలు ఊరు. మూడో నోడ్‌లో మాయ. ఛానళ్ల తారుమారు లాగ్ మీద చేస్తే రంగులు లెక్కకు రావు, ట్రాన్స్‌ఫార్మ్ తర్వాతే చేయాలి. మనిషిని కాపాడేందుకు మూడో నోడ్‌కు లేయర్ మిక్సర్ (నోడ్లను ఒకదాని మీద ఒకటి పరిచేది) తగిలించి, కింద వచ్చే కొత్త నోడ్‌కు రెండో నోడ్ నుంచి తీగ లాగాలి. ఆ నోడ్‌లో మనిషి చుట్టూ విండో. లేయర్ మిక్సర్‌లో కింది తీగదే పైచేయి. ఇది తెలియక పైన కలిపి, మనిషి రాలేదని గంటలు కొట్టుకునేవాళ్లు ఎక్కువ. కీ (ఎంచుకున్న భాగం) శుభ్రంగా ఉందో లేదో షిఫ్ట్ హెచ్ నొక్కి చూడాలి, ఆపి కాదు, ప్లే చేసి. బూడిద రంగు భాగం సలసల కాగుతున్నట్టు కదిలితే క్లీన్ బ్లాక్, బ్లర్ రేడియస్ కొంచెం కొంచెంగా పెంచాలి. బ్లర్ మరీ పెంచితే మనిషి చుట్టూ పాత రంగు వలయంలా మిగులుతుంది.

ఇంతవరకు రంగు మారిన ఊరు వచ్చింది. అది మారుతూ పోవడం, అంటే గాలి అలలా పాకడం, అసలు కష్టమైన భాగం. ఎక్కువ వీడియోలు తేలిపోయేది ఇక్కడే. తిన్నని అంచుండే లీనియర్ విండో ఒకటి పెట్టి, పై నుంచి కిందికి సమాన వేగంతో దించుతారు. చూస్తే నేల మీద పాకినట్టు ఉండదు, నాటకంలో తెర దించినట్టు ఉంటుంది. కారణం దూరం. ఐదడుగుల ఎత్తులో ఫోను నిలబెట్టి సమతలమైన చేను తీస్తే, 1080 ఫ్రేములో 300 మీటర్ల దూరంలోని నేల హొరైజన్ గీతకు సుమారు 7 పిక్సెళ్ల కింద ఉంటుంది. 100 మీటర్ల నేల 21 పిక్సెళ్ల కింద, 30 మీటర్లది 69, 10 మీటర్లది 208. గాలి సెకనుకు 10 మీటర్ల చొప్పున వస్తుందనుకుంటే, మొదటి 20 సెకన్లలో గీత కదిలేది 14 పిక్సెళ్లే. చివరి 2 సెకన్లలో 139 పిక్సెళ్లు దూకుతుంది. కీఫ్రేములు (ఏ ఫ్రేములో విండో ఎక్కడుండాలో చెప్పే గుర్తులు) ఈ లెక్కకే పెట్టాలి. దూరాన నత్తనడక, దగ్గరకొచ్చేసరికి మీద పడినట్టు ఉండాలి.

పొడవాటి షాటు పెట్టలేమంటే అలను 100 మీటర్ల నుంచి మొదలుపెట్టండి, 10 సెకన్లలో కాళ్ల దాకా వస్తుంది. అంతకంటే మంచి ఉపాయం చెరువు కట్ట ఎక్కడం. కెమెరా ఆయకట్టుకు 6 మీటర్ల ఎత్తులో ఉంటే పై అంకెలన్నీ నాలుగింతలవుతాయి: 100 మీటర్ల నేల 83 పిక్సెళ్లకు, 30 మీటర్లది 277కు దిగుతుంది. అల పాకడానికి ఫ్రేములో చోటు దొరుకుతుంది. చెరువు కట్టలకు మన జిల్లాల్లో కొదవా?

నిలువుగా ఉన్నవాటితో ఇంకో తిప్పలు. తాటిచెట్టు మొదలు 30 మీటర్ల దూరంలో ఉన్నా, దాని తల హొరైజన్ పైకి లేస్తుంది. పై నుంచి దిగే విండో చెట్టు తలను ముందే మార్చేస్తుంది, మొదలు ఆఖరున మారుతుంది. నిజంగా గాలి వస్తే రెండూ ఒక్కసారే మారాలి. కాబట్టి ఒక్కో తాటిచెట్టుకు, కరెంటు స్తంభానికి, గుడిసెకు విడి విండో గీసి, అల దాని మొదలును తాకిన ఫ్రేములో మారేలా కీఫ్రేము పెట్టుకోవాలి. ఫ్రేములో తాటిచెట్లు ఐదారుకు మించితే చోటు మార్చుకోవడమే తెలివి. కీఫ్రేముల్లోనూ రెండు రకాలున్నాయి. వజ్రం ఆకారంలో ఉన్నది మెల్లగా మారుస్తుంది, గుండ్రంగా ఉన్నది ఆ ఫ్రేములో టక్కున దూకుతుంది. అల మధ్యలో ఎక్కడో తటాలున గెంతితే ముందు అక్కడ గుండ్రటిది పడిందేమో చూడండి.

అల అంచు తిన్నగా ఉండకూడదు. విండోతో పాటు అదే నోడ్‌లో క్వాలిఫయర్ లూమినెన్స్ మాత్రమే ఆన్ చేసి, దాని కింది అంచును కీఫ్రేములతో జరిపితే వెలుగు పడ్డ ఆకుల కొసలు ముందు మారి, నీడలో ఉన్న మొదళ్లు తర్వాత మారతాయి. ఖర్చు లేని కిటుకు ఇది, దూరం నుంచి చూస్తే గాలి ఆకుల మీదుగా పోయినట్టే ఉంటుంది. ఇంకా కావాలంటే రిసాల్వ్‌లోనే ఎఫెక్టులు చేసే ఫ్యూజన్ పేజీలో ఫాస్ట్ నాయిస్‌తో నలుపు తెలుపు మబ్బుల్లాంటి వీడియో తయారుచేసి, మ్యాట్‌గా (ఎక్కడ మారాలో చెప్పే ముసుగుగా) తగిలించుకోవచ్చు, దానికి ల్యాప్‌టాప్ ఓపిక పట్టాలి. ఒక్కటి మాత్రం ఏ పేజీలోనూ దొరకదు: పైరు కదలిక. గాలి లేని పొద్దున తీసిన షాటులో అల పాకితే నిశ్చలంగా ఉన్న ఆకుల మీద రంగు పోసినట్టే ఉంటుంది. పైరు ఊగేదాకా ఆగి తీయాల్సిందే.

నీడల జోలికి మాత్రం వెళ్లవద్దు. రంగు ఎంత మారినా వెలుతురు దిక్కు మారకపోతేనే కన్ను ఒప్పుకుంటుంది. నల్గొండ పక్కన పానగల్ ఛాయా సోమేశ్వరాలయంలో గర్భగుడిలో పగలంతా కదలకుండా నిలిచే నీడ ఉంది. అంత వింతగా కనిపించేది కూడా స్తంభాల మీదుగా లోపలికి చెదిరి వచ్చే వెలుతురు లెక్కకు లోబడిందే.

షూటింగ్ దగ్గర తప్పనివి కొన్ని. వైట్ బ్యాలెన్స్ లాక్ చేయాలి, ఎండకు 5600 దగ్గర. ఆటోలో వదిలేస్తే మబ్బు వచ్చినప్పుడల్లా రంగు దానంతటదే మారి, మీ మాయకు ముందే ఇంకో మాయ జరుగుతుంది. ఫోనులో బ్లాక్‌మ్యాజిక్ కెమెరా యాప్ ఉచితమే, అందులో వైట్ బ్యాలెన్స్, షట్టర్, ఐఎస్ఓ అన్నీ బిగించుకోవచ్చు. 25 ఫ్రేములు, షట్టర్ 50లో ఒక వంతు, మధ్యాహ్నపు ఎండకు వెలుతురు తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్. ట్రైపాడ్ తప్పనిసరి, కెమెరా కదిలితే పైన చెప్పిన విండోలన్నీ ట్రాక్ చేయాలి. వాన పడ్డాక చెల్క ముదురుతుంది, సాచురేషన్ పెరుగుతుంది. వానకు ముందు తీసిన షాటు, తర్వాత తీసిన షాటు ఒకే సీనులో కలపాలంటే గ్రేడ్ (రంగులు దిద్దే పని) మళ్లీ మొదటికి వస్తుంది. అమ్రాబాద్ పులుల అడవిలో తీయాలనుకుంటే అటవీ శాఖ అనుమతి ముందే చూసుకోవాలి. ఫోను మామూలు కెమెరాతో తీసిన ఫైళ్లలో ఫ్రేము రేటు స్థిరంగా ఉండదు, మాట పెదవులకు దూరమవుతుంది. అలాంటివాటిని హ్యాండ్‌బ్రేక్ అనే సాఫ్ట్‌వేర్‌లో స్థిరమైన ఫ్రేము రేటుకు మార్చాకే రిసాల్వ్‌లోకి తేవాలి.

ల్యాప్‌టాప్ సంగతి: 16 జీబీ ర్యామ్, 4 జీబీ గ్రాఫిక్స్ కార్డు లేకుండా ఈ సీనుకు దిగడం వృథా. ఫ్యూజన్ వాడితే 32 జీబీ. గ్రాఫిక్స్ మెమరీ నిండిందని మెసేజ్ వస్తే టైమ్‌లైన్ 1080కి దించి, బరువైన భాగాలను ముందే తయారుచేసి దాచే రెండర్ క్యాష్‌ను స్మార్ట్‌లో పెట్టండి, చాలావరకు దారికొస్తుంది. లైనక్స్‌లో ఉచిత వెర్షన్ వేసుకునేవాళ్లకు ఒక హెచ్చరిక, అది హెచ్.264 (ఫోన్లు, కెమెరాలు తరచూ రాసే రకం) ఫైళ్లను తెరవదు. లైవ్ సేవ్, ప్రాజెక్ట్ బ్యాకప్స్ రెండూ ఆన్‌లో ఉన్నాయో లేదో మొదటి రోజే చూసుకోవాలి. కరెంటు సంగతి తెలిసిందే.

బయటికి తీసేటప్పుడు 1080లో పని చేసినా 2160కి పెంచి, హెచ్.264లో 60 ఎంబీపీఎస్ దగ్గర తీసి ఎక్కిస్తే యూట్యూబ్ మెరుగైన నాణ్యత ఇస్తుంది. నారింజ ఆకాశంలో చారలు కనిపిస్తే పైన ఒక గ్రెయిన్ వీడియోను ఓవర్‌లే మోడ్‌లో పల్చగా వేయండి, స్టూడియోలోని ఫిల్మ్ గ్రెయిన్ లేకపోయినా గడిచిపోతుంది. వాట్సాప్‌లో మామూలుగా పంపి ఎలా ఉందో చెప్పమని అడగవద్దు, అది రంగు సమాచారాన్నే ముందు నలిపేస్తుంది. పంపాల్సి వస్తే డాక్యుమెంట్‌గా పంపండి.

కొనాలా వద్దా అంటే, మీ మాయ పచ్చదనాన్ని మార్చేదైతే, లేదా మనుషులు తక్కువగా ఉండి ఛానళ్ల తారుమారుతో నడిచేదైతే ఉచిత వెర్షన్‌తోనే పూర్తి చేయండి. నీలి చెల్కలో పది మంది కూలీలు నాట్లేసే షాటు రాసుకుంటే స్టూడియో కొనక తప్పదు. మ్యాజిక్ మాస్క్, నాయిస్ రిడక్షన్ రెండూ ఆ ఒక్క షాటులోనే డబ్బు రాబడతాయి. ఆ పాతిక వేలు లేకపోతే కూలీలకు తెల్ల రుమాళ్లు, పొడుగు చేతుల తెల్ల చొక్కాలు వేయించి, వెనక నుంచి తీయండి. కనిపించే చర్మం తగ్గిన మేరకు గీయాల్సిన విండోలూ తగ్గుతాయి.